గర్భసంచిలో గోడ, గర్భసంచికి కొమ్ములు

గొర్రె గర్భసంచికి రెండు కొమ్ములుంటాయి. మేకకూ అంతే, ఆవుకూ బర్రెకూ అంతే. కింద చిన్న దేహం, పైన రెండు పాయలుగా చీలి పొడవుగా సాగిన కొమ్ములు. పిల్ల పెరిగేది ఆ కొమ్ములోనే. గొర్రెల మందలకు పేరుపడ్డ పాలమూరులో (మహబూబ్‌నగర్) ఇది కొత్త సంగతి కాదు. కుందేలుకైతే రెండు గర్భసంచులూ పూర్తిగా వేరు, వాటి ముఖద్వారాలూ వేరు. మనిషి జాతిలో మాత్రం ఆ రెండు పాయలూ కలిసిపోయి, తలకిందులుగా పట్టుకున్న బేరిపండులాంటి ఒకే గది ఏర్పడుతుంది. ఈ కలయిక ఎక్కడో ఒకచోట ఆగిపోతే మిగిలే రూపాలనే వైద్యులు గర్భాశయ ఆకృతి లోపాలంటారు. మేకకు సహజమైన రూపం స్త్రీకి ఇబ్బంది కావడానికి కారణం ఆ రూపంలో ఏదో దోషం ఉండటం కాదు. నిలబడి నడిచే శరీరంలో బరువంతా ముఖద్వారం మీద పడుతుంది. ఇబ్బంది గదికీ అందులో పెరిగే బిడ్డకూ మధ్య పొంతన కుదరకపోవడంలో ఉంది. ఆ పొంతన ఎంతవరకు తప్పుతుందన్నది ఏ ఆకృతి అన్నదాన్ని బట్టి మారుతుంది. అందుకే ఈ విషయంలో మొదటి వైద్యం ఆకృతికి సరైన పేరు పెట్టడం. రెండోది, ఆ పేరు రాసిన కాగితం కాన్పు గది దాకా చేరేలా చూడటం. నల్లగొండ, పాలమూరు ప్రాంతాల్లో ఈ రెండోదే కష్టమైన పని.

ఆడశిశువు తల్లి కడుపులో ఉన్న ఆరో వారం ప్రాంతంలో రెండు సన్నని నాళాలు ఏర్పడతాయి. 1830లో వీటిని వర్ణించిన జర్మన్ శాస్త్రవేత్త యోహానెస్ ముల్లర్ పేరుతోనే వాటిని ముల్లర్ నాళాలంటున్నాం. పై భాగాలు విడివిడిగా ఉండి అండవాహికలవుతాయి. కింది భాగాలు ఒకదానికొకటి చేరి, అతుక్కుని గర్భసంచి, దాని ముఖద్వారం, యోని పైభాగం అవుతాయి. అతుక్కున్నచోట మధ్యలో మిగిలిన గోడ ఇరవయ్యో వారం నాటికి కరిగిపోవాలి. ఒక నాళం సరిగా ఎదగకపోతే ఒంటికొమ్ము గర్భసంచి వస్తుంది. రెండూ ఎదిగి పైన కలవకపోతే రెండు కొమ్ముల గర్భసంచి, బొత్తిగా కలవకపోతే రెండు ముఖద్వారాలతో జంట గర్భసంచి. కలిశాక గోడ కరగకపోతే బయటికి మామూలుగా కనిపించే గర్భసంచి లోపల రెండు గదులుగా ఉంటుంది. గోడ దాదాపు కరిగి పైకప్పులో చిన్న వంపు మాత్రమే మిగిలితే అది విల్లు వంపు గర్భసంచి. రెండు నాళాలూ ఎదగకపోతే గర్భసంచే ఉండదు. సుమారు 4,500 నుంచి 5,000 మంది ఆడపిల్లల్లో ఒకరికి ఇలా జరుగుతుంది. అండాశయాల పుట్టుక వేరు కాబట్టి ఈ రూపాలన్నిటిలోనూ హార్మోన్లు మామూలుగానే ఉంటాయి, అండాలు విడుదలవుతాయి, గర్భసంచి ఉన్నవారిలో ఎక్కువమందికి నెలసరి కూడా సక్రమంగానే వస్తుంది. అందుకే పెళ్ళయ్యేదాకా, చాలాసార్లు రెండు మూడు కడుపులు పోయేదాకా, ఎవరికీ అనుమానం రాదు. మూత్రపిండాలు మాత్రం ఈ నాళాల పక్కనే, అదే కాలంలో రూపుదిద్దుకుంటాయి. కాబట్టి గర్భసంచి ఒక పక్క ఎదగని స్త్రీకి అదే పక్క కిడ్నీ లేకపోవడం అరుదేమీ కాదు. స్కానింగులో ఒక లోపం కనబడితే రెండోదాని కోసం వెతకడం వైద్యుల విధి.

కారణాల దగ్గర ముందుగా ఒక అన్యాయాన్ని తొలగించాలి. కడుపు నిలవని కోడలి మీద ఊరు ఎన్నో నిందలు వేస్తుంది: గ్రహణం నాడు బయటికి వచ్చిందనీ, బరువులు మోసిందనీ, మేనరికం చేసుకున్నారనీ. నల్లగొండలో వీటికి తోడు ఫ్లోరైడ్ నీళ్ళ మాట వినిపిస్తుంది. ఫ్లోరైడ్ ఈ నేలకు చేసిన కీడు చిన్నది కాదు. పళ్ళనూ ఎముకలనూ కీళ్ళనూ అది వంచిన తీరుకు మర్రిగూడ వైపు పల్లెలే సాక్ష్యం. అయితే అది దెబ్బతీసే చోటు అస్థిపంజరం. గర్భసంచిలో గోడ మిగలడానికి దానితో సంబంధం ఉందని చూపే ఆధారాలు లేవు. మేనరికం కొన్ని జన్యువ్యాధుల ముప్పును పెంచే మాట నిజమే, కానీ గర్భాశయ ఆకృతి లోపాల్లో ఎక్కువ భాగం కుటుంబంలో ఇంకెవరికీ లేకుండా ఒకరిలో మాత్రమే కనిపించేవి. బయటి కారణమొకటి రుజువైన సందర్భం ఉంది. 1938లో తయారైన డైఇథైల్‌స్టిల్‌బెస్ట్రాల్ అనే మందును గర్భస్రావం ఆపుతుందని నమ్మి పాశ్చాత్య దేశాల్లో లక్షలాది గర్భిణులకు ఇచ్చారు. వారి కూతుళ్ళలో కొందరికి గర్భసంచి ఆంగ్ల అక్షరం టీ ఆకారంలో, ఇరుకుగా తయారైంది. ఆ మందును గర్భిణులకు ఇవ్వరాదని 1971లో అమెరికా హెచ్చరించింది. ఈ ఉదాహరణ ఒక సంగతిని స్పష్టం చేస్తుంది. గర్భసంచి రూపం స్త్రీ తన తల్లి కడుపులో ఉండగానే ఖరారవుతుంది. ఆ తర్వాత ఆమె తిన్నది, మోసినది, నడిచినది ఏదీ దాన్ని మార్చలేదు. కాబట్టి ఆమె మీద వేయగల నింద ఏదీ లేదు.

ఎంతమందికి ఉంటుంది అన్న ప్రశ్నకు 2011లో వెలువడిన ఒక సమీక్ష ఇచ్చిన అంకెలు ఇప్పటికీ ఆధారం. ఏ ఎంపికా లేని సాధారణ స్త్రీలలో 5.5 శాతం, సంతానం కలగనివారిలో 8 శాతం, గర్భస్రావాలు జరిగినవారిలో 13.3 శాతం, ఈ రెండు బాధలూ ఉన్నవారిలో 24.5 శాతం. మొదటి అంకె చూసి బెదిరిపోనవసరం లేదు. అందులో అత్యధికం విల్లు వంపే. అది చాలామందిలో ఏ హానీ చేయదు, దాన్ని మామూలు రూపభేదంగా లెక్కించేవారూ ఉన్నారు. మధ్యగోడ ఉన్నవారు నూటికి ఇద్దరు. రెండు కొమ్ములవారు, జంట గర్భసంచివారు వెయ్యికి ముగ్గురు నలుగురు. ఒంటికొమ్ము వెయ్యికి ఒకరు. పైపెచ్చు ఈ అంకెలు కొలతబద్దను బట్టి మారతాయి. 1988 నాటి అమెరికన్ వర్గీకరణ, 2013 నాటి యూరోపియన్ వర్గీకరణ, 2021లో అమెరికన్లు సవరించుకున్న వర్గీకరణ ఒకే గర్భసంచికి మూడు పేర్లు పెట్టగలవు. లోపలి గోడ ఒక సెంటీమీటరు దిగితే చాలా, ఒకటిన్నర దిగాలా అన్నదాని మీద ఒక స్త్రీ ‘మామూలు’ మనిషో ‘లోపం’ ఉన్న మనిషో తేలడం విచిత్రంగా తోచవచ్చు. ప్రకృతి గీత గీయని చోట మనం గీయవలసి వచ్చినప్పుడు ఈ తేడాలు తప్పవు. రిపోర్టు చేతికొచ్చిన దంపతులు గుర్తుంచుకోవలసింది, పేరుతోపాటు కొలత కూడా అందులో ఉండాలని.

పేర్లలో అన్నిటికంటే ఎక్కువ తారుమారయ్యేవి మధ్యగోడ, రెండు కొమ్ములు. అంటే డాక్టర్లు సెప్టేట్, బైకార్న్యుయేట్ అని రాసేవి. లోపల చూస్తే రెండూ ఒకేలా చీలి కనిపిస్తాయి. ట్యూబుల ఎక్స్‌రేలో మందు నిండిన లోపలి గది మాత్రమే పడుతుంది కాబట్టి దాని ఆధారంగా వీటిని విడదీయడం సాధ్యం కాదు. తేడా బయటి అంచులో ఉంది. గర్భసంచి పైభాగం బయటినుంచి నున్నగా ఉంటే లోపలిది గోడ. బయటే ఒక సెంటీమీటరుకు మించి లోయ పడి ఉంటే అవి రెండు కొమ్ములు. త్రీడీ అల్ట్రాసౌండ్, ఎంఆర్ఐ ఈ బయటి అంచును చూపుతాయి. ఈ భేదం ఎందుకు ముఖ్యమంటే రెండింటి ప్రవర్తన వేరు. గోడ ఉన్నచోట గర్భం నిలవడమే తగ్గుతుంది, మొదటి మూడు నెలల్లో కడుపు పోవడం పెరుగుతుంది. గోడ కణజాలానికి రక్తప్రసారం సరిగా లేక అక్కడ అంటుకున్న పిండం నిలదొక్కుకోలేదన్నది చాలాకాలంగా చెబుతున్న వివరణ. కొమ్ముల విషయంలో గర్భం రావడానికి పెద్ద ఆటంకం ఉండదు. వాటి ఇబ్బంది తర్వాతి నెలల్లో మొదలవుతుంది: బిడ్డ పెరిగేకొద్దీ చోటు చాలక నెలలు నిండకుండానే నొప్పులు రావడం, తల కిందికి తిరగవలసిన బిడ్డ ఎదురుకాళ్ళతోనో అడ్డంగానో ఉండిపోవడం. ఒకదానికి కోయదగిన గోడ ఉంది, రెండోదానికి లేదు. లేని గోడను కోయబోతే గర్భసంచికే చిల్లు పడుతుంది.

గోడ ఉన్నప్పుడైనా కోయాలా అన్నది ఇంకా తెగని వాదం. యోని మార్గంలో గొట్టం పంపి, కెమెరాలో చూస్తూ గోడను తీసేసే శస్త్రచికిత్స అరగంటలో అయిపోతుంది, పొట్ట మీద గాటు ఉండదు. అది తేలిక కావడంతోనే దాని మీద నమ్మకం బలపడింది. 2000లో ప్రచురితమైన ఒక సమీక్ష ఆపరేషన్‌కు ముందు 88 శాతంగా ఉన్న గర్భస్రావాలు తర్వాత 14 శాతానికి పడిపోయాయని లెక్కగట్టింది. ఈ అంకెను చూసి ఆశపడని దంపతులుంటారా? కానీ ఆ పోలిక కట్టిన తీరులోనే పొరపాటుంది. ఆపరేషన్‌కు వచ్చినవారంతా వరుసగా కడుపులు పోయినవారే, అందుకే వచ్చారు. అలాంటివారి గతాన్ని వారి భవిష్యత్తుతో పోలిస్తే, ఏ వైద్యం చేయకున్నా భవిష్యత్తు మెరుగ్గానే కనిపిస్తుంది, ఎందుకంటే చెడ్డ గతం ఉన్నవారినే మనం ఏరుకున్నాం. ఈ చిక్కు విప్పాలంటే కొందరికి ఆపరేషన్ చేసి, కొందరిని అలాగే ఉంచి, ఎవరు ఎటన్నది చీటీ తీసినట్టు నిర్ణయించాలి. ఆ పని చేసిన ట్రస్ట్ అనే అంతర్జాతీయ అధ్యయనం ఫలితాలు 2021లో వచ్చాయి. 80 మంది స్త్రీలలో ఆపరేషన్ చేయించుకున్నవారిలో 31 శాతం, చేయించుకోనివారిలో 35 శాతం సజీవ శిశువులను కన్నారు. లాభమేదీ కనబడలేదు.

దీనికి శస్త్రవైద్యుల ప్రత్యుత్తరం బలమైనదే. ఏళ్ళ తరబడి వెతికినా 80 మందే దొరికిన అధ్యయనం చిన్నది. నిజంగా ఉన్న లాభాన్ని అది పట్టుకోలేకపోయి ఉండవచ్చు. మధ్యగోడల్లోనూ రకాలున్నాయి, వేలెడంత దిగినదాన్నీ ముఖద్వారం దాకా చీల్చినదాన్నీ ఒకే గాటన కట్టకూడదు. ఈ అభ్యంతరాన్ని నేను కొట్టిపారేయను. అయితే దాని నుంచి వచ్చే తీర్మానం ‘కోయండి’ అని కాదు. రుజువు చేయవలసిన భారం కోసేవారి మీద ఉంటుంది, కోయించుకునేవారి మీద ఉండదు. మూడుసార్లు కడుపు పోయి, లోతైన గోడ ఉండి, ఇతర కారణాలన్నీ వెతికాక లాభనష్టాలు విని ఒక స్త్రీ ఆపరేషన్‌కు సిద్ధపడితే అది అర్థమున్న నిర్ణయమే. మొదటి స్కానింగులో గోడ కనబడగానే, ఇంకా ఒక్క గర్భమైనా పోకముందే, ‘తీసేస్తే పిల్లలు పుడతారు’ అని చెప్పడం మాత్రం ఆధారం దాటిన మాట. అప్పు చేసి ఆపరేషన్ చేయించే కుటుంబాలున్న మన ప్రాంతంలో ఈ గీత మరీ ముఖ్యం.

కత్తితో పనిలేని సాయం చాలా ఉంది. ఒంటికొమ్ము గర్భసంచి ఉన్న 290 మంది స్త్రీల వివరాలను కూర్చిన 2009 నాటి సమీక్షలో దాదాపు సగం గర్భాలు సజీవ శిశువుల దాకా చేరాయి. అయిదింట ఒకటి నెలలు నిండకుండా కాన్పయింది. ఆసుపత్రుల దాకా వచ్చి లెక్కకెక్కినవారి కథ ఇది. ఏ ఇబ్బందీ లేక ఎవరికీ తెలియకుండా కన్నవారు ఇందులో లేరు కాబట్టి అసలు పరిస్థితి ఇంతకంటే కొంత మెరుగే కావచ్చు. ఇలాంటి గర్భిణికి నాలుగో నెల నుంచి ముఖద్వారం పొడవును స్కానింగులో కొలుస్తూ ఉండాలి. అది కుదించుకుపోతుంటే కుట్టు వేసే మార్గం ఉంది. 1955లో ఆ కుట్టును ప్రపంచానికి చూపినవారు ముంబై వైద్యుడు వి.ఎన్. శిరోద్కర్, నేటికీ అది ఆయన పేరుతోనే చలామణీలో ఉంది. ముఖద్వారం గట్టిగా ఉన్నవారికి ఆకృతి ఒక్కటే చూసి కుట్టు వేయనవసరం లేదు. నెలలు నిండకముందే నొప్పులు మొదలైతే బిడ్డ ఊపిరితిత్తులు త్వరగా పక్వం కావడానికి తల్లికి డెక్సామెథసోన్ ఇంజెక్షన్లు ఇవ్వాలి: పన్నెండు గంటలకొకటి చొప్పున ఆరేసి మిల్లీగ్రాములు, నాలుగుసార్లు. మొదటి మోతాదు ఏఎన్ఎం ఇచ్చి పెద్దాసుపత్రికి పంపవచ్చని కేంద్ర ప్రభుత్వం 2014లోనే మార్గదర్శకాలిచ్చింది. కర్ణాటకలోని బెళగావి కూడా ఒక కేంద్రంగా సాగి 2020లో ఫలితాలు వెలువడిన ప్రపంచ ఆరోగ్య సంస్థ అధ్యయనం, మనలాంటి దేశాల ఆసుపత్రుల్లోనూ ఈ మందు శిశుమరణాలను తగ్గిస్తుందని తేల్చింది. చౌకగా దొరికే ఈ మందు, జిల్లా ఆసుపత్రిలో నవజాత శిశువుల ప్రత్యేక వార్డు, ఈ రెంటికీ సమయానికి చేరడం: ఒంటికొమ్ము తల్లి బిడ్డను నిలిపేవి ఇవే.

ఒక రూపం విషయంలో మాత్రం తొందర, భయం రెండూ న్యాయమే. ఒంటికొమ్ము పక్కన కొందరిలో రెండో నాళం పూర్తిగా మాయం కాకుండా మొండి కొమ్ముగా మిగులుతుంది. దానికి లోపల గది ఉండి బయటికి దారి లేకపోతే నెలసరి రక్తం అందులోనే నిలిచి, పెళ్ళికాని పిల్లలకు నెలనెలా మెలిపెట్టే నొప్పి వస్తుంది. ‘పెళ్ళయితే తగ్గుతుంది’ అని దాన్ని తోసేయకూడదు. అంతకంటే ప్రమాదం ఆ మొండి కొమ్ములో గర్భం నిలవడం. వీర్యకణాలు రెండో పక్క అండవాహిక గుండా పైకి వెళ్ళి, పొట్టలోని ఖాళీ దాటి ఇటు చేరితే ఇది సాధ్యపడుతుంది. 76,000 నుంచి 1,50,000 గర్భాలలో ఒకటి ఇలా ఉంటుందని అంచనా. ఫ్రాన్స్‌లో 1669లోనే దీన్ని వర్ణించారు. పలుచని కండరం నాలుగో నెల, అయిదో నెల ప్రాంతంలో పగిలి పొట్టంతా రక్తం నిండుతుంది. ఇలాంటి గర్భాన్ని తీసేయడానికి మాత్రలు వేసుకుంటే బయటికి దారే లేదు కాబట్టి అవి పనిచేయవు, నొప్పి మాత్రం పెరుగుతుంది. మెడికల్ షాపులో కొన్న మాత్రలతో, స్కానింగు లేకుండా, గర్భస్రావానికి ప్రయత్నించడం ఎందుకు ప్రాణాంతకమో చెప్పడానికి ఇంతకు మించిన ఉదాహరణ అక్కరలేదు. గర్భం కొమ్ములో ఉందని ముందే తెలిస్తే ఆ కొమ్మును తీసేయడమే మార్గం. తర్వాతి గర్భం రెండో కొమ్ములో నిలవవచ్చు.

ఇంతకు విరుద్ధమైన చిత్రం జంట గర్భసంచిది. 2019లో బంగ్లాదేశ్‌లోని జెస్సోర్ ప్రాంతంలో ఒక తల్లి ఒక బిడ్డను కని, 26 రోజుల తర్వాత తన రెండో గర్భసంచి నుంచి కవలలను కన్నది. ముగ్గురూ బతికారు. అయితే ఆ కథలో ఆశ్చర్యం మాటున మరిచిపోయే అంశం ఒకటుంది. మొదటి కాన్పు నాటికి రెండో గర్భసంచి ఉన్న సంగతే ఎవరికీ తెలియదు.

తెలియకపోవడం అనే ఈ సమస్యే నల్లగొండ, పాలమూరు అనే మన రెండు పూర్వ జిల్లాలకూ వర్తిస్తుంది. ఆసుపత్రులు లేని రోజులు కావివి. నార్కట్‌పల్లిలో కామినేని, పాలమూరులో ఎస్వీఎస్ వైద్య కళాశాలలు ఎప్పటినుంచో ఉన్నాయి. మహబూబ్‌నగర్‌లో 2016లో, నల్లగొండ, సూర్యాపేటల్లో 2019లో, నాగర్‌కర్నూల్, వనపర్తిలో 2022లో ప్రభుత్వ వైద్య కళాశాలలు వచ్చాయి. బీబీనగర్‌లో ఎయిమ్స్ ఉంది. 2022లో రాష్ట్ర ప్రభుత్వ ఆసుపత్రులకు 56 టిఫా స్కానింగు యంత్రాలు అందాయి. కానీ టిఫా స్కాన్ చేసేది అయిదో నెలలో, చూసేది బిడ్డను. అప్పటికి గర్భసంచి సాగిపోయి, దాని ఆకృతి చదవడం కష్టమవుతుంది. రెండు కొమ్ములైనా మధ్యగోడైనా స్పష్టంగా కనబడేది రెండో నెల, మూడో నెలల్లో చేసే మొదటి స్కానింగులో. ఆ స్కానింగు ఒకచోట, టిఫా ఇంకోచోట, కాన్పు మరోచోట జరగడం ఇక్కడ మామూలు. తొలి కాన్పుకు తల్లిగారింటికి పోవడం ఆచారం. అచ్చంపేట కోడలి తల్లిగారిల్లు దేవరకొండ కావచ్చు. ఇక పాలమూరు కూలీల సంగతి చెప్పనక్కరలేదు. ముంబైలోనో పుణెలోనో కట్టడాల దగ్గర నెల తప్పి, అక్కడే ఏదో క్లినిక్‌లో మొదటి స్కానింగు చేయించుకుని, ఏడో నెలలో ఊరికి తిరిగొచ్చే స్త్రీ వెంట ఆ రిపోర్టు రాదు. వచ్చినా అది మరాఠీ ఊరి పేరున్న పాత కాగితంలా సంచి అడుగున ఉంటుంది.

రక్తహీనతే ఇంకా తగ్గని చోట, నూటికి ఇద్దరు ముగ్గురికి ఉండే ఆకృతి లోపం గురించి ఇంత పట్టుదల ఎందుకని ఎవరైనా అడగవచ్చు. 2022 డిసెంబరులో ప్రభుత్వం గర్భిణులకు పోషకాహార కిట్లు మొదలుపెట్టిన తొమ్మిది జిల్లాల్లో గద్వాల, నాగర్‌కర్నూల్ కూడా ఉన్నాయంటే రక్తహీనత ఎంత లోతున ఉందో అర్థమవుతుంది. కానీ ఈ రెండూ ఒకదానికొకటి పోటీ కావు. కొమ్ము పగిలి రక్తం పోయే స్త్రీకి హిమోగ్లోబిన్ ఏడు ఉందా పదకొండు ఉందా అన్నదే ప్రాణానికి హద్దు. ఇందుకు కొత్త పథకమూ అక్కరలేదు. ప్రతి నెల 9వ తేదీన నిపుణులైన వైద్యులు గర్భిణులను చూసే కార్యక్రమం 2016 నుంచి నడుస్తోంది. ప్రమాదం ఉన్నవారి తల్లీబిడ్డల రక్షణ (ఎంసీపీ) కార్డు మీద ఎర్ర స్టిక్కర్ అంటించే పద్ధతీ ఉంది. ఆ స్టిక్కర్ పక్కన ‘ఒంటికొమ్ము, కుడివైపు, ఎడమ కిడ్నీ లేదు’ అన్న ఒక్క వాక్యం చేరితే ఆశ కార్యకర్త నుంచి గర్భిణులను చేరవేసే 102 బండి డ్రైవరు దాకా ఎక్కడికి తీసుకుపోవాలో తెలుస్తుంది.

మరో అభ్యంతరం ఇంతకంటే గట్టిది. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే 2019–21 ప్రకారం తెలంగాణలో 60.7 శాతం కాన్పులు ఆపరేషన్‌తో జరిగాయి, దేశంలో అన్ని రాష్ట్రాలకంటే ఎక్కువ. ప్రైవేటులో అది 81.5 శాతం. ఇలాంటి చోట ‘గర్భసంచి ఆకృతి బాగాలేదు’ అన్న మాట ఇంకో సాకు కాదా? కావచ్చు, అందుకే జాగ్రత్తగా చెప్పాలి. ఆకృతి లోపం తనంతట తాను పెద్దాపరేషన్‌కు కారణం కాదు. తల కిందికి ఉన్న బిడ్డ జంట గర్భసంచి నుంచి కూడా మామూలుగా పుట్టగలదు. బిడ్డ అడ్డం తిరిగినప్పుడో, ఎదురుకాళ్ళతో ఉన్నప్పుడో కోత అవసరపడుతుంది. ఇలాంటి ఇరుకు గర్భసంచిలో పొట్ట మీది నుంచి చేతులతో బిడ్డను తిప్పే పద్ధతి సరిపడదు కూడా. విల్లు వంపు ఉందని చెప్పి తేదీ పెట్టి కోయడానికి ఏ ఆధారమూ లేదు.

అయితే ఇన్ని ఆపరేషన్ల వల్ల, ఎవరూ ఉద్దేశించని ఒక అవకాశం మన చేతిలో ఉంది. పొట్ట తెరిచి బిడ్డను తీశాక, గర్భసంచికి కుట్లు వేసేటప్పుడు దాని పైఅంచు డాక్టరు కళ్ళెదుటే ఉంటుంది. త్రీడీ స్కానింగు లెక్కగట్టి చెప్పే ఆ లోయ, ఆ రెండో కొమ్ము, ఆ పక్కన దాగిన మొండి కొమ్ము అక్కడ వేలితో తడిమి చూడవచ్చు; లోపలి గోడనూ అదే చేత్తో పరీక్షించవచ్చు. పట్టేది అర నిమిషం. ఎదురుకాళ్ళని కోసిన కాన్పులో, ఏడో నెలలోనే వచ్చిన కాన్పులో ఆ అర నిమిషం వెచ్చించి చూసినది డిశ్చార్జి కాగితం మీద తెలుగులో ఒక వరుస రాస్తే, మూడేళ్ళ తర్వాత కల్వకుర్తిలోనో మిర్యాలగూడలోనో మళ్ళీ నెల తప్పిన ఆ తల్లిని చూసే డాక్టరు నాలుగో నెల నుంచి చేయవలసిన ముఖద్వారం కొలతకు మొదటి రోజునే ఏర్పాటు చేయగలుగుతుంది.